సగం మాట తెచ్చినవాడు

పడమటి కొండల మీద ఎవరో రాగిని కరిగించి పోసినట్టు సాయంకాలపు ఎండ పారుతోంది. ఆ వెలుగులో అగ్నిగండం కోట ఇంకా చల్లారని బొగ్గుల కుప్పలా కనిపించింది. నల్లరాతి ప్రాకారం వెనుక మరొక ప్రాకారం. ప్రతి ద్వారం దగ్గరా నిలువెత్తు కంచు అద్దం, దాని పక్కన ఉప్పుమూట, సూదుల పెట్టె. వచ్చినవాడి ప్రతిబింబం వచ్చినవాడిలాగే ఉందో లేదో అద్దంలో చూస్తారు. కాళ్ల కింద ఉప్పు చల్లి అడుగు ముద్ర పడుతుందో లేదో చూస్తారు. అప్పటికీ అనుమానం తీరకపోతే ఇనుపసూదితో నీడను గుచ్చి, మనిషి ఉలిక్కిపడతాడేమోనని చూస్తారు. మాంత్రికుడు ధూమ్రకంఠుడు రూపాలు మార్చుకుంటూ రాజ్యాలు మింగడం మొదలుపెట్టిన నాటి నుంచి ఆ కోటలో అన్న తమ్ముణ్ణి నమ్మడు; వంటవాడు తాను వండినది తాను తినడు.

నురుగులు కక్కుతున్న గుర్రం మీద బేతన ఆ ద్వారం ముందు దిగాడు. కావలివాడు ఈటె అడ్డం పెట్టి అతణ్ణి ఎగాదిగా చూశాడు.

"మళ్ళీ నువ్వేనా? ఇందాకే గదా లోపలికి పోయావు!"

"నేనా?"

"నువ్వు కాకపోతే మీ తాతా? ఇదే నీలిసెల్లా, గడ్డం మీద ఇదే మచ్చ. ఉప్పు చల్లాం, అడుగు పడింది. సూది గుచ్చితే 'అబ్బా' అని కూడా అన్నావు. బయటికి ఏ దారిన పోయావయ్యా, మళ్ళీ ఇటు వచ్చావు?"

బేతన గుర్రపు కళ్లెం కావలివాడి చేతిలో పడేసి, అతను తేరుకునేలోగా ఈటె కింద నుంచి దూరి సభామండపం వైపు పరుగెత్తాడు. "పట్టుకోండి! వీడో వాడో తెలీదు, ముందు పట్టుకోండి!" అని వెనుక కేకలు లేచాయి.

బేతన మాటమోపరి. మాటమోపరులు ఎందుకు పుట్టారో చెప్పుకుంటే తప్ప తరువాతి కథ అర్థం కాదు. ధూమ్రకంఠుడు తాటాకు మీద ఊదితే చాలు, అక్షరాలు చీమల్లా కదిలి వేరే మాటలుగా కూర్చునేవి. అందువల్ల రాజులు ఉత్తరాలు మానుకున్నారు. ఉత్తరాలు పోవడం వల్ల, ఒకరి నోటి మాటను మరొకరి చెవి దాకా చెక్కు చెదరకుండా మోసేవారి అవసరం పడింది. భుజాన నీలిసెల్లా అనే ఆ పైబట్ట ఉన్నంతసేపు మోపరి నోట వచ్చేది పంపినవారి మాట. దానికి అతణ్ణి దండించరాదు. పంపినవారు తడబడితే ఆ తడబాటునూ, తిడితే ఆ తిట్టునూ, అన్నది వెనక్కి తీసుకుంటే ముందు అన్నదాన్నీ, తరువాత తీసుకున్నదాన్నీ కూడా మోయాలి. మెరుగు పెట్టినవాణ్ణి మోపరులు తమ పంక్తిలో కూర్చోనివ్వరు. మరొక కట్టుబాటు కూడా ఉంది. ప్రశ్నను వినవలసినవారి చెవిలోనే చెప్పాలి. జవాబును పైకి, అందరూ వినేట్టు చెప్పాలి. అడిగేవాడు చులకన కాకూడదు, చెప్పేవాడు తప్పించుకోకూడదు అని పెద్దలు అలా పెట్టారు.

బేతన మోసుకొస్తున్నది ఒక ప్రాణం. శంఖవరం రాకుమారుడు ఉదయమల్లుడు సైన్యసాయం కోసం మేనమామ శక్తిధర మహారాజు దగ్గరకు వచ్చాడు. అక్కాతమ్ముళ్ల మధ్య ఏళ్ల తరబడి రాకపోకలు లేవు. రాజు మేనల్లుణ్ణి పొత్తిళ్లలో తప్ప చూడలేదు. వచ్చినవాడు మేనల్లుడా, మాంత్రికుడి బొమ్మా అని తేలక అతణ్ణి లోయ అవతలి బురుజులో బంధించి, 'వీడు నీ కొడుకేనా?' అని తన అక్క మందాకినీదేవిని అడిగి రమ్మని బేతనను పంపాడు. రాణి ఇచ్చిన జవాబు ఇప్పుడు బేతన నాలుక మీద ఉంది.

సభామండపం గడప తొక్కగానే అతనికి తన గొంతే వినిపించింది.

"...పక్కగదిలో నిద్రపోతున్నాడు. అక్కడ ఉన్నవాడు నా కొడుకు కాడు. ఇదీ రాణిగారి మాట. ఇంతకు ముందు విన్నవారు మరొకసారి విన్నారు, సేనానీ. మీకింకా సందేహమా?"

సింహాసనం ముందు నీలిసెల్లా వేసుకుని బేతన నిలబడి ఉన్నాడు. గడప దగ్గర నిలబడ్డ బేతన అతణ్ణి చూశాడు. సభ ఇద్దరినీ చూసింది. సేనాని భేరుండుడు రెండు కత్తులు దూసి ఒకటి ఇటు, ఒకటి అటు చాచాడు.

"బాగుంది!" అన్నాడు శక్తిధర మహారాజు. బొంగురు గొంతు, ఎర్రబడ్డ కళ్లు. చాలా రాత్రులుగా నిద్రపోనివాడిలా ఉన్నాడు. "ఒక మోపరి వచ్చాడని తలారికి ఆజ్ఞ పంపాను. ఇప్పుడు రెండో మోపరి దిగాడు. మూడోవాడు కూడా దారిలో ఉన్నాడేమో కనుక్కోండి."

"ఆజ్ఞ పంపారా ప్రభూ? ఏమని?"

"అడగడానికి నువ్వెవడివిరా?" అని గద్దించాడు సేనాని.

సింహాసనం ముందున్నవాడు జాలిగా తల ఊపాడు. "ప్రభూ, ధూమ్రకంఠుడు నా రూపంలో వస్తాడని నేను ఇందాకే హెచ్చరించాను. వచ్చాడు. వాణ్ణి మాట్లాడనిస్తే మాయ మొదలవుతుంది."

"ఇద్దరినీ మాట్లాడనిస్తాను," అన్నాడు రాజు. "నేను ఇద్దరినీ నమ్మడం లేదు కనుక ఎవరికీ అన్యాయం జరగదు. ఓరీ గడప దగ్గరివాడా! 'నా కొడుకు ఇక్కడే ఉన్నాడు, పక్కగదిలో నిద్రపోతున్నాడు, అక్కడ ఉన్నవాడు నా కొడుకు కాడు.' ఈ మాటలు మా అక్క అన్నదా, లేదా?"

అనలేదు అంటే చాలు. ఆ ఒక్క మాటతో ఎదుటివాడు అబద్ధాలకోరు అవుతాడు, రాకుమారుడు బతికినా బతకవచ్చు. కానీ బేతన భుజాన సెల్లా ఉంది.

"అన్నారు ప్రభూ. వీడు చెప్పింది అక్షరం పొల్లుపోలేదు."

సభ గొల్లుమంది. "దొంగే దొరను దొరని ఒప్పుకున్నాడు!" అని ఎవరో నవ్వారు. సేనాని కత్తి మొన బేతన మెడకు తగిలింది.

"అన్నారు. అయితే అక్కడితో ఆపలేదు," అన్నాడు బేతన కత్తి మొన మీదుగానే. "మిగిలింది వినండి. ఇది మందాకినీదేవి గొంతు: 'ఉండు. చూసి వస్తాను.' లోపలికి వెళ్లారు. వచ్చారు. 'పడక మీద ఎవరూ లేరు. దిండు మీద బూడిద ఉంది. ఇందాక అన్నది వెనక్కి తీసుకుంటున్నాను. తమ్ముడూ, నీ దగ్గరున్నవాడే నా కొడుకు. మొండివాడు, ఆకలేసినా అన్నం అడగడు, నువ్వే పెట్టు. వాడికేమైనా అయిందా, నాన్నమీద ఒట్టు, చచ్చినా నీ మొహం చూడను.' ప్రభూ, రాణిగారు మొదటి మాట అన్నప్పుడు ఆ పక్కగదిలో రాకుమారుడి రూపంలో పడుకున్నవాడు వీడే. జవాబు పైకి చెబుతారు కనుక విన్నాడు. ఆమె చూడడానికి లేచారు కనుక పారిపోయాడు. పారిపోయాడు కనుక మిగతా సగం వాడికి తెలియదు. వాడు తెచ్చింది నిజమైన మాటే. సగం దగ్గర కోసి తెచ్చాడు."

"చక్కటి కల్పన," అన్నాడు సింహాసనం ముందున్న బేతన. "ఒక మహారాణి నిండుసభకు 'అన్నం పెట్టు' అని కబురు పంపుతుందా? వినేవారికి ఆ మాత్రం తెలియదా?"

సభలో తలలు ఊగాయి. రాజు కళ్లు ఒకసారి ఇతని మీద, ఒకసారి అతని మీద ఆగాయి. గోడనున్న కంచు అద్దాల్లో ఇద్దరు బేతనలు నలుగురై, నలుగురు గుంపై, ఎవరి నీడ ఎవరిదో తెలియకుండా పోయింది.

"ఇద్దరిలో ఎవరిది నిజమో నాకెలా తెలియాలి?" అన్నాడు రాజు. ఆ అడగడంలో కోపం కంటే అలసట ఎక్కువగా ఉంది.

"రాణిగారి మాటకు ఇక్కడ సాక్షి లేరు ప్రభూ," అన్నాడు బేతన. "మీ మాటకు మీరున్నారు. నన్ను పంపిన రోజు మీరు నాతో ఒక ప్రశ్న అన్నారు. గదిలో మీరూ నేనూ తప్ప లేము. దాన్ని రాణిగారి చెవిలోనే చెప్పాను. జవాబు తెచ్చినవాణ్ణి ముందు ప్రశ్న అప్పగించమని అడగడం మీ హక్కు. అడిగారా?"

రాజు చూపు తిప్పుకున్నాడు. అడగలేదు. అడగకపోవడానికి కారణం ఏమిటో బేతనకు ఆ క్షణంలో తెలిసింది: ఆ ప్రశ్న ఈ సభలో వినిపించడం రాజుకు ఇష్టం లేదు.

"నేనే ముందు అప్పగిస్తాను, అనుమతించండి!" అని సింహాసనం ముందున్నవాడు అడుగు ముందుకు వేశాడు. కంఠం సవరించుకుని, మేఘం ఉరిమినట్టు పలికాడు. "'శంఖవర సింహాసనేశ్వరికి అగ్నిగండ సార్వభౌముని ఆన! నీ పుత్రుడనని ఒక అర్భకుడు మా పాదాల శరణు వేడినాడు. వాని జన్మమును నీవు నిర్ణయింపుము. నీవు నిర్ణయింపనిచో మా ఖడ్గము నిర్ణయించును!'"

"ఆహా!" అన్నాడు సేనాని అప్రయత్నంగా. "మా ప్రభువు మాటంటే ఇదీ!" సామంతులు భుజాలు చరుచుకున్నారు. రాజు ముఖంలో బిగువు సడలింది. ఆ సడలింపు చూసి బేతనకు కత్తి మొన కంటే ఎక్కువ భయం వేసింది. మాంత్రికుడు రాజు అన్న మాట తీసుకురాలేదు. రాజు అనాలనుకున్న మాట తెచ్చి పళ్లెంలో పెట్టాడు. దాన్ని ఎత్తుకుంటే రాజుకు పరువు మిగులుతుంది, మేనల్లుడు మిగలడు.

"ఇక నీ వంతు," అన్నాడు రాజు. గొంతు మారింది. "ఆలోచించుకుని చెప్పు."

"ఆలోచిస్తే అది నా మాటవుతుంది ప్రభూ." బేతన సెల్లా సరిచేసుకున్నాడు. అతని భుజాలు వంగాయి, గొంతు బొంగురుపోయింది, సభలో కూర్చున్నవారికి తమ రాజు రెండు చోట్ల నుంచి చూస్తున్నట్టు అనిపించింది.

"'అక్కా... కాదు, శంఖవరం మహారాణికి అను. కాదులే. అక్కా అనే అను. నీ కొడుకునంటూ ఒకడొచ్చాడు. ఈ కోటలో నేను నా నీడను కూడా నమ్మను, నీకు తెలుసు. కానీ వాడు ఆలోచించేటప్పుడు చెవి పట్టుకుని లాక్కుంటాడే, అచ్చం నాన్నలాగా. అది చూసినప్పటి నుంచి కన్ను మూతపడటం లేదు. వాడు మాయ అయితే చంపగలను. నీ కొడుకైతే, చంపాక నేను బతకలేను. నాకు భయంగా ఉందక్కా. వాడెవడో నువ్వే చెప్పు.'"

"భయమా?" అన్నాడు భేరుండుడు. అతని ముఖం నల్లబడింది. "మా ప్రభువుకు భయమా? ఒక్క మాట చాలు ప్రభూ, వీడి నాలుక కోసి కోటగుమ్మానికి కడతాను. ఇవి తమరి మాటలు కావని ఒక్కసారి అనండి."

రాజు లేచాడు. అందరి కళ్లూ అతని పెదవుల మీద ఉన్నాయి. యుద్ధాల్లో అతని వెనుక నడిచిన సామంతులు, ఓడిపోయి కప్పం కడుతున్న సామంతులు, అందరూ. అతను ఒక మెట్టు దిగాడు. చెయ్యి తనంత తానే చెవి దాకా వెళ్లి ఆగింది.

"అన్నాను," అన్నాడు. "కత్తి దించు భేరుండా. అవి నా మాటలే. ఒక్కటి కూడా ఎక్కువ లేదు, తక్కువ లేదు. ఇందాక నువ్వు ఆహా అన్నావు చూడు, అది నేను ఏనాడూ అనలేదు."

మాయ బేతన నవ్వాడు. ఆ నవ్వుతో పాటు ముఖం మైనంలా జారింది. గడ్డం మీది మచ్చ మెడ మీదికి, మెడ భుజం మీదికి కారిపోయింది. సైనికులు విసిరిన ఈటెలు పొగలోంచి దూసుకుపోయి అవతలి గోడకు తగిలాయి. ఆ పొగ సుడి తిరిగి, బూడిదరంగు రాబందై, గవాక్షం చువ్వలు వంచుకుని బయటికి ఎగిరింది.

"బురుజు వైపే పోతోంది!" అని అరిచాడు సేనాని.

"ప్రభూ, తలారికి పంపిన ఆజ్ఞ!" అన్నాడు బేతన. "సారాంశం వద్దు. అన్నది అన్నట్టు చెప్పండి."

రాజు కళ్లు మూసుకుని చెప్పాడు. "'సూర్యుడు వరాహదంష్ట్ర శిఖరాన్ని తాకగానే వాణ్ణి లోయలోకి తోసెయ్యి. ఆ తరువాత నా రూపంలో ఎవడొచ్చి ఆపమన్నా, నా పేరు చెప్పి ఎవడు ఆపమన్నా ఆపకు.'" కళ్లు తెరిచాడు. "నేనే వెళ్లినా వినడు. నా అనుమానమే నా కాళ్లు కట్టేసింది."

"అయితే నేను ఆపమనను," అన్నాడు బేతన. "నా దగ్గర రాణిగారు కొడుక్కి పంపిన మాట కూడా ఉంది. తల్లి మాట వస్తే అది ముగిసేదాకా చావును ఆపాలని ఈ కోటలో పాత శాసనం ఉన్నట్టు విన్నాను. ఉందా?"

"మా నాన్న పెట్టిందే. పరుగెత్తు!"

బేతన పరుగెత్తాడు. సభామండపం వెనుక మెట్లు లోయ అంచుకు దిగి, అక్కడ ముగుస్తాయి. అక్కడి నుంచి అవతలి బురుజు దాకా వేలాడుతున్నది ఒక్క తీగవంతెన. కింద ఎక్కడో కాళీనది తెల్లగా నురగలు కక్కుతూ రాళ్లను కొరుకుతోంది. దాని హోరు పైకి లేచి మనిషి కేకను నోట్లోనే తుంచేస్తోంది. అవతల శిఖరం మొన సూర్యబింబానికి ఇంకా తగలలేదు, కానీ మధ్యనున్న ఆకాశం పలకంతే మిగిలింది. బేతన సగం దాటాడో లేదో రాబందు వెనుక నుంచి వచ్చి వంతెన తీగల మీద వాలింది. దాని ముక్కు తగిలిన తీగ మండుతున్న వెంట్రుకలా ముడుచుకుపోయింది. పలకలు ఒకటొకటిగా జారి లోయలో పడుతుంటే, ఊడుతున్న పలక మీద నుంచి ఊడబోయే పలక మీదికి దూకుతూ, చివరికి రెండు చేతులతో బురుజు రాతి అంచు పట్టుకుని అవతలికి పాకాడు. వెనుక వంతెన తెగి లోయగోడకు ధడాలున కొట్టుకుంది. ఆవలి ఒడ్డున రాజు చిన్న బొమ్మలా నిలిచిపోయాడు.

బురుజు కొసన గొలుసుతో కట్టిన ఒక పలక గాలిలోకి చాచి ఉంది. పలక చివర ఉదయమల్లుడు. చేతులు వెనక్కి కట్టి, తల వంచుకుని ఉన్నాడు. పలకను పట్టి ఉంచిన మీట దగ్గర తలారి బూసయ్య కూర్చుని వక్క కొరుకుతున్నాడు.

"ఆపమనడానికొచ్చావా బాబూ? వస్తే ఎనక్కి పో. ఎవుడొచ్చినా ఆపొద్దన్నారు."

"ఆపమనను. వీడి తల్లి మాట తెచ్చాను."

బూసయ్య వక్క బుగ్గకు నెట్టుకుని అనుమానంగా చూశాడు. "తల్లి మాటైతే పెద్దరాజుగారి శాసనం ఉంది, ఇంటాను. కానీ ఆవిడన్నదే అనాలి. నువ్వు మధ్యలో కతలు కలిపావో, నీ మొహం చూస్తే తెలిసిపోద్ది నాకు. చావబోయేవోళ్ల ఎదర చెప్పే అబద్ధాలు నేను చాలా విన్నాను."

సూర్యుడు శిఖరాన్ని తాకాడు. బూసయ్య మీట మీద చెయ్యి వేసి, తియ్యకుండా ఆగాడు. బేతన సెల్లా సరిచేసుకున్నాడు.

"'మల్లూ! నీ పడక మీద ఎవడో పడుకుంటే గుర్తుపట్టలేకపోయానురా.'"

అక్కడ రాణి మాట ఆగింది. ఆమె ముఖానికి కొంగు అడ్డం పెట్టుకుని చాలాసేపు ఏడ్చింది. మోపరికి అది కూడా మాటే. బేతన నోరు మూసుకుని ఆ సేపంతా నిలబడ్డాడు. దాన్ని పెంచలేడు, తగ్గించలేడు. గాలి ఈల వేసింది. రాబందు బురుజు చుట్టూ తిరిగి, "అయిపోయింది! మాట అయిపోయింది, తోసెయ్యి!" అని రాజు గొంతుతో అరిచింది.

"ఆయనే ఆపమన్నా ఇనొద్దన్నాడు, తొందరపెడితే ఇనమనీ అన్లేదు," అని గొణిగాడు బూసయ్య. "ఈ అబ్బాయి నోట మాట ఇంకా ముగియలేదు. కళ్లు చూడు."

పలక మీద రాకుమారుడు కదల్లేదు. వెనక్కి కట్టిన అతని చేతులు మాత్రం పలక అంచున ఉన్న ఇనుపరేకు మీద మెల్లగా, ఆగకుండా, పైకీ కిందికీ కదులుతున్నాయి. బేతన చూశాడు, చూపు తిప్పుకున్నాడు. రాణి ఏడ్చిన సేపు అయిపోవచ్చింది. ఇంకొంచెం నిలబడితే ఆ తాడు తెగుతుంది. ఇంకొంచెం నిలబడితే అది రాణి మౌనం కాదు, బేతన మౌనం అవుతుంది; తలారి కళ్లు అతని ముఖం మీదే ఉన్నాయి.

బేతన నోరు తెరిచాడు.

"'నా కొడుకువైతే తల వంచుకుని నిలబడకు.' ఇంతే. ఇదే చివరి మాట."

"నిజమే చెప్పావు," అన్నాడు బూసయ్య. మీట లాగాడు.

పలక కిందికి విరుచుకుపడింది. అదే క్షణంలో ఉదయమల్లుడు తల ఎత్తాడు. మిగిలిన పురి తెగింది. పడిపోతూ పడిపోతూ పలకను వేలాడదీసిన గొలుసును ఒంటిచేత్తో అందుకున్నాడు. లోయ మీద గుడిగంట నాలుకలా ఊగాడు. రాబందు రెక్కలు ముడిచి అతని చేతి మీదికి దూసుకొచ్చింది. బేతన భుజం మీది సెల్లా లాగి దాని కళ్ల మీద విసిరాడు. నీలిగుడ్డలో చిక్కుకున్న పొగ గింగిరాలు తిరుగుతూ దూరంగా పోయింది.

బూసయ్య బోర్లా పడుకుని, బలమైన చెయ్యి లోయలోకి చాచాడు.

"పట్టుకో బాబూ. తోసెయ్యమన్నారు, తోసేశాను. పైకి లాక్కూడదని ఏ రాజూ అన్లేదు."

రాకుమారుడు బురుజు మీదికి వచ్చి పడ్డాడు. ఆవలి ఒడ్డున చిన్న బొమ్మ మోకాళ్ల మీద కూలబడి రెండు చేతులూ ఎత్తింది. ఏం అరిచిందో నది హోరు వినిపించనివ్వలేదు. ఉదయమల్లుడు ఊపిరి అందకుండానే బేతన చెయ్యి పట్టుకున్నాడు.

"అమ్మ ఒక్కతే ఉందా అక్కడ?"

బేతన వేలెత్తి చూపాడు. గుడ్డను వదిలించుకున్న పొగ శంఖవరం దిక్కుగా పోతోంది. పోతూ పోతూ అది రెక్కలు విడిచి రెండు చేతులను, ఒక కిరీటాన్ని, ఒక ముఖాన్ని సంతరించుకుంది. అది శక్తిధరుడి ముఖం. ఇటు వంతెన తెగి ఉంది; బురుజుకు మరొక దారి లేదు; లోయ అడుగున పడమటి ఎండ ఆరిపోతోంది.

ఉదయమల్లుడు లేచి, కిందికి దిగేందుకు నది మీదికి వేలాడుతున్న గొలుసును చేత్తో లాగి బలం చూశాడు.